తొమ్మిదో తేదీన పూర్తయిన పని

గుడ్డు శాండ్‌విచ్ తింటున్నాడు, జైల్లో గుడ్డు శాండ్‌విచ్ పెడతారో లేదో మా లాయరు ఫెర్గల్‌ని అడగాలి, పెట్టినా ఇలా అంచులు కోసి మాత్రం పెట్టరు, కోర్టు వరండాలో నా ఎదురు బల్ల మీద కూచుని డెస్మండ్ కార్మడీ, ఈ కిల్‌బ్రాకెన్ ఊళ్ళో టౌన్ కౌన్సిలు అద్దె ఇళ్ళన్నిటికీ అధిపతి, ఒళ్ళో కాగితం రుమాలు పరుచుకుని, సూటు మీద రొట్టె పొడి పడకుండా మెడ ముందుకు చాపి తింటున్నాడు, ఎంత శుభ్రమైన మనిషో, ముప్పై ఒక్క ఏళ్ళు ఆసుపత్రి లాండ్రీలో పనిచేసినదాన్ని, శుభ్రంగా కనిపించే మనుషుల దుప్పట్లు ఎలా ఉంటాయో నాకు ఒకరు చెప్పక్కర్లేదు, తిను నాయనా తిను, సాయంత్రం నాలుగింటికల్లా జడ్జి గారు ఆ ఒక్క మాట అంటే నిన్ను తీసుకుపోవడానికి గుమ్మం దగ్గర పోలీసాయన ఉన్నాడు, ఇందాకే చూశాను, ఎర్రటి చేతుల పెద్ద మనిషి, పేపర్లో గుర్రప్పందాల పేజీ చదువుకుంటున్నాడు, నీకు ఒక్క వారం చాలు, ఎక్కువ అక్కర్లేదు, పైగదిలోవాడు నీళ్ళు వదిలినప్పుడల్లా నేల తూములోంచి గుడగుడమని మురుగు పైకొచ్చే గది చూసి ఇవ్వమని జైలరుకు నేనే ఉత్తరం రాస్తాను, నువ్వు ఫిర్యాదు చేస్తే మీ ఫిర్యాదు నమోదైంది అని ఒక కాగితం పంపిస్తారు, నాకు పంపినట్టే, పందొమ్మిదిసార్లు.

ఆ పందొమ్మిది కాగితాలూ నా సంచిలోనే ఉన్నాయి, రబ్బరు బ్యాండు వేసి, బ్యాండు రెండుసార్లు తెగింది, మేముండేది సెయింట్ గోబన్ ఫ్లాట్లలో కింది అంతస్తు, నాలుగో నంబరు, పెళ్ళయిన ఏడాది నుంచీ అదే ఇల్లు, పెరటి నేల కింద మురుగు గొట్టం కూలిపోయి రెండు చలికాలాలు దాటింది, పైన పదకొండు కుటుంబాలు వంచిన ప్రతి గిన్నె, తిప్పిన ప్రతి కుళాయి మా షవరు తూములోంచి, వంటింటి సింకులోంచి పైకి తేలుతుంది, మొదటి క్రిస్మస్ రోజు ఎవరింటివో క్యాబేజీ ముక్కలు, క్యారెట్ తొక్కలు మా స్నానాల గదిలో ఈదుతుంటే మాలకీ గుమ్మానికి ఆనుకుని, ఏమే కన్నీ, పండగపూట మనల్ని ఎవరూ భోజనానికి పిలవలేదని మూతి ముడుచుకున్నావు, చూడు, అందరి భోజనాలూ మనింటికే నడిచొచ్చాయి అన్నాడు, నవ్వాను, అప్పుడింకా నవ్వొచ్చేది, నా మొగుడు మాలకీ ఓడరేవులో పూడిక తీసే పడవ నడిపినవాడు, జీవితమంతా బురద తవ్వి దూరంగా పోసొచ్చినవాడు, ఆ బురదే అడ్రసు కనుక్కుని ఇంటికొచ్చింది, అతని కిడ్నీలు ఆగిపోయాక ఆసుపత్రివాళ్ళు పొట్టలోకి ఒక గొట్టం పెట్టి ఇంట్లోనే డయాలిసిస్ చేసుకోవడం నేర్పారు, రోజుకు నాలుగుసార్లు సంచిలోని నీళ్ళు లోపలికి పంపాలి, పాతవి బయటికి తియ్యాలి, నేర్పింది నాకే, కిటికీలు మూసెయ్యాలి, మూతికి గుడ్డ కట్టుకోవాలి, పారే నీళ్ళ కింద సబ్బుతో మూడు నిమిషాలు చేతులు కడగాలి, నర్సు వచ్చి మా పడగ్గది గోడ మీద వేలు రాసి చూసి, మిసెస్ హెగార్టీ, ఇక్కడ ఆపరేషన్ కూడా చెయ్యొచ్చండీ అంది, ఆ మాటకు నేను వారం రోజులు నేల మీద నడవలేదు, మాలకీ సంచికీ సంచికీ మధ్య ఖాళీలో స్నేహితులతో పల్లె రోడ్ల మీదకు ఇనుప గుండు విసిరే ఆటకు పోయేవాడు, ఆదివారం తప్పితే ఒట్టు, ఎవడి గుండు ఏ మలుపు దగ్గర కంచెలోకి దూరిందో రాత్రంతా చెప్పేవాడు, ఆ తర్వాత మురుగు, నేను కౌన్సిలు ఆఫీసుకి, ఉత్తరాలు, మళ్ళీ ఉత్తరాలు, చివరికి న్యాయ సహాయ కేంద్రంలో ఫెర్గల్ అనే కుర్ర లాయరు, చొక్కా ఎప్పుడూ ఇస్త్రీ ఉండదు కానీ నా పందొమ్మిది కాగితాలూ అక్కడే కూచుని చదివిన మొదటి మనిషి, అక్టోబరులో ఇదే కోర్టు ఎనిమిది వారాల్లో గొట్టం బాగుచెయ్యమని కౌన్సిలుకు ఆజ్ఞ వేసింది, వాళ్ళ లాయరు నడుం వంచి తప్పకుండా అన్నాడు, తప్పకుండా.

డిసెంబరులో ఒక అఫిడవిట్ వచ్చింది, తొమ్మిదో తేదీన సదరు మరమ్మతు పని పూర్తయినది అని ప్రమాణం చేసి చెప్పుచున్నాను, తొమ్మిదో తేదీన వచ్చింది ఒకే ఒక్కడు, వ్యానులో, పెరట్లో మ్యాన్‌హోల్ మూతకు ఫోటో తీసుకుని, అమ్మా ఒకసారి మీ టాయిలెట్ వాడుకోవచ్చా అన్నాడు, వాడుకో బాబూ, నీళ్ళు వదిలాక షవరు వైపు కూడా చూసి వెళ్ళు అన్నాను, చూశాడు, నా వైపు మాత్రం చూడకుండా వెళ్ళిపోయాడు, అదీ పూర్తయిన పని, జనవరి పదిహేనో తేదీ పొద్దున మాలకీ పొట్టలోంచి బయటికొచ్చిన సంచిలో నీళ్ళు మబ్బు మబ్బుగా ఉన్నాయి, గంజిలా, ఆ రంగు చూడగానే నాకు తెలిసిపోయింది, నర్సు మొదటి రోజే చెప్పింది ఆ రంగు గురించి, ఐదు వారాలు ఆసుపత్రిలో ఉన్నాడు, చివరి ప్రార్థనకని రెండుసార్లు చర్చి ఫాదర్‌ని పిలిపించారు, బతికాడు, పొట్ట లోపలి పొర పాడైపోయింది, ఇక ఇంట్లో చేసుకోవడం కుదరదు, సోమ బుధ శుక్రవారాలు పదకొండింటికి టాక్సీ ఎక్కి సిటీ ఆసుపత్రికి పోయి యంత్రానికి చేతినిచ్చి పడుకుంటాడు, తిరిగొచ్చాక మనిషి పిండేసిన గుడ్డ, ఆదివారం ఇనుప గుండు ఆటకు స్నేహితులు కారేసుకొచ్చి పిలిచినా ఈసారికి వద్దురా అంటాడు, ఇవాళ బుధవారం, ఇప్పుడు యంత్రం దగ్గరే ఉంటాడు.

ఆ అఫిడవిట్ కింద సంతకం కార్మడీది కాదు, అదే నా కడుపులో కత్తి, గ్రాన్యా టువోమీ, మరమ్మతుల అధికారి, గ్రాన్యా మా పై అంతస్తు పెగ్ టువోమీ కూతురు, పెగ్ చేపల ఫ్యాక్టరీలో రెండో షిఫ్టు చేసినన్నాళ్ళూ ఈ పిల్ల నా వంటింట్లో నా బల్ల దగ్గర తిన్నది, బంగాళాదుంపలు వెన్నలో మెదిపి పెడితే తప్ప తినేది కాదు, చర్చిలో మొదటి కమ్యూనియన్‌కి దాని తెల్ల గౌను మీద బ్లాక్‌కరెంట్ పళ్ళ రసం ఒలికితే ఆసుపత్రి లాండ్రీకి దొంగతనంగా పట్టుకెళ్ళి ఉతికి తెచ్చాను, ఆ చెయ్యే ఈ సంతకం పెట్టింది, ఆ తూము ఎక్కడుందో, ఆ పెరడెలా ఉంటుందో కౌన్సిలు మొత్తంలో తెలిసిన ఒకే ఒక్క చెయ్యి, కోర్టు ధిక్కారం నోటీసులో కార్మడీ పేరు చాలండి అన్నాడు ఫెర్గల్, చాలదు అన్నాను, ఆజ్ఞ మీరితే జైలుకు పోవలసినవారు అని రాసే చోట దాని పేరు కూడా రాయి, మిసెస్ హెగార్టీ, ఆవిడ కింది ఉద్యోగి అన్నాడు, నేను కింది అంతస్తు అన్నాను, రాశాడు, నోటీసు దాని ఇంటికి పట్టుకెళ్ళి చేతికే ఇవ్వాలి అని కూడా చెప్పాను, పోస్టులో వద్దు, తలుపు తీసినప్పుడు దాని మొహం ఎలా ఉందని నోటీసు ఇచ్చినవాణ్ణి అడిగాను, వాడు, ఏముంటుందమ్మా, మొహంలాగే ఉంది అన్నాడు, వెధవకి చూడ్డం రాదు.

ఇప్పుడు వరండా చివర కిటికీ దగ్గర ఒక్కతే నిలబడి ఉంది, బూడిదరంగు కోటు, కార్మడీ పక్కన కూచోలేదు, కార్మడీ పిలవలేదు కూడా, వాళ్ళ లాయరు డివేన్ మాత్రం మెట్ల కింద ఫెర్గల్‌తో గుసగుసలాడుతున్నాడు, ఆ డివేన్, పొద్దున నన్ను బోనులో నిలబెట్టిన మనిషి, మర్యాద అంటే వాడే, మిసెస్ హెగార్టీ కూచోండి, మంచినీళ్ళు తాగండి, మీ ఓపికకు జోహార్లు, మీ అఫిడవిట్‌లో డయాలిసిస్ ప్రతిసారీ ఆసుపత్రి నేర్పిన పద్ధతి ప్రకారమే చేశాను అని ప్రమాణం చేశారు కదా, చేశాను, జనవరి పద్నాలుగు పొద్దున కూడానా, మీ వంటింటి సింకు, స్నానాల గది రెండూ ఆ రోజు వాడడానికి వీల్లేకుండా ఉన్నాయని మీరే ఇంకోచోట రాశారు, మరి ఆ పొద్దున చేతులు ఎక్కడ కడుక్కున్నారండీ, అంతే, నేను నా చేతుల వైపు చూసుకున్నాను, జడ్జి గారు కళ్ళజోడు పైనుంచి నన్ను చూసి, ఒంటిగంట దాటింది, సాక్షి అలిసిపోయినట్టున్నారు, జవాబు భోజనం తర్వాత విందాం అంది, లేచింది, అందరం లేచాం, ఆ ప్రశ్న మాత్రం కూచునే ఉంది, ఎక్కడ కడుక్కున్నాను, ఎక్కడ, వద్దు, కార్మడీ రుమాలు మడుస్తున్నాడు, నాలుగు మూలలూ కలిపి మడుస్తున్నాడు, ఆ మడతలు చూడు.

ఫెర్గల్ వచ్చి పక్కన కూచున్నాడు, మిసెస్ హెగార్టీ, ఒక బేరం వచ్చింది, వాళ్ళు నాక్‌బెగ్ రోడ్డులో కొత్తగా కట్టిన ఇల్లు ఇస్తామంటున్నారు, మెట్లు లేవు, రెండు పడగ్గదులు, శుక్రవారానికి తాళాలు చేతిలో పెడతారట, దానికి మనం ఈ ధిక్కారం పిటిషన్ వెనక్కి తీసుకోవాలి, ఇప్పుడే, కోర్టు మళ్ళీ మొదలయ్యేలోగా, మరి గొట్టం అన్నాను, గొట్టం సంగతి కాగితంలో లేదు అన్నాడు, పై పదకొండు ఇళ్ళు, మా తర్వాత నాలుగో నంబరులోకి ఎవరొస్తారో వాళ్ళు, వాళ్ళ సంగతీ లేదు, మీరేమంటారు అని ఫెర్గల్‌ని అడిగితే కాసేపు బూట్ల వైపు చూసుకుని, లాయరుగా అయితే మంచి బేరం అనాలండి, మీరు తీసుకుంటే ఎవరూ తప్పు పట్టరు, ఇంకోటి కూడా చెప్పాలి, తీసుకుంటే మీరు మళ్ళీ బోనెక్కనక్కర్లేదు అన్నాడు, ఎంత తెలివైన మనుషులో చూడు, ప్రశ్నని ఉరితాడులా మెడకు తగిలించి, ముడి బిగించకుండా భోజనానికి పోయి, ఆ మధ్యలో ఇంటి తాళాలు చూపించారు, రెండు పడగ్గదులు, శుభ్రమైన సింకు, తిప్పితే నీళ్ళు కిందికి పోయే సింకు, నా ఒంట్లో ప్రతి ఎముకా ఆ సింకు దగ్గరికి నడిచి వెళ్ళింది, ఫెర్గల్, జైలు గదిలో సింకు ఉంటుందా అన్నాను, అతను నా వైపు అదోలా చూసి, ఉంటుందనుకుంటానండీ అన్నాడు.

మాలకీకి ఫోన్ చేశాను, వెనక యంత్రాలు పిచ్చుకల్లా కూస్తున్నాయి, ఏమే, కార్మడీని గొలుసులతో కట్టేశారా లేక తాడుతోనా అన్నాడు, ఇల్లిస్తారట అన్నాను, మొత్తం చెప్పాను, తీసుకోవే అన్నాడు, క్షణం ఆలోచించలేదు, తీసుకుని వచ్చెయ్, కార్మడీ జైల్లో పడుకుంటే నా పొట్ట లేచి కూచుంటుందా, ఉప్పు లేని ఈ తిండి తిని ఇంకెన్నాళ్ళు బతుకుతానో, ఆ నాలుగు రోజులూ పొడి నేల మీద నడుస్తాను, నిన్ను బోనెక్కించారా, ఎక్కించారు, ఏమడిగారు, ఏం లేదు, ఉత్తరాల గురించి అన్నాను, అతను గొంతు తగ్గించి, మళ్ళీ ఎక్కకు కన్నీ, నా మాట విను, ఇల్లు తీసుకుని బస్సెక్కు అన్నాడు, నాకు ఒళ్ళు మండింది, నీకు రోషం లేదు మాలకీ, నీ పొట్ట కోసి ఎండేశారు, నీ ఆదివారాలు తీసుకుపోయారు, నీకు కోపం రాదా, నీ బదులు నేను పళ్ళు కొరుక్కోవాలా అన్నాను, నీకున్న కోపం ఇద్దరికీ సరిపోతుందిలే, అందుకే నేను కొనుక్కోలేదు అన్నాడు, ఫోను పెట్టేశాను, నా మొగుడిలో చేవ చచ్చిపోయింది, అది కూడా కార్మడీ లెక్కలోనే వేశాను, దాని లెక్కలో కూడా, ఆ బూడిదరంగు కోటుదాని లెక్కలో.

ఆడవాళ్ళ గదిలోకి మొహం కడుక్కోవడానికి పోతే అది అక్కడే ఉంది, సింకు దగ్గర, కుళాయి ధారగా వదిలి చేతులు రుద్దుకుంటోంది, వేళ్ళ సందులు, గోళ్ళు, మణికట్టు, నా వంటింట్లో పెరిగిన గ్రాన్యా, మొహంలో ఇప్పుడు పెగ్ పోలిక వచ్చింది, చనిపోయే ముందు ఏడాదిలో పెగ్, కళ్ళ కింద అవే గుంటలు, తలుపు మూసుకుంది, మేమిద్దరమే, ఐదు నెలలుగా ఈ క్షణం కోసం మాటలు నూరి పెట్టుకున్నాను, నా బల్ల దగ్గర తిన్న తిండి నీకు అరగలేదే, మీ అమ్మ సమాధిలో పక్కకు తిరిగి పడుకుందే, ఇంకా పదునైనవి కూడా ఉన్నాయి, ముందు అదే మాట్లాడింది, అద్దంలోకి చూస్తూ, కన్నీ ఆంటీ, నాకు తెలుసు అంది, ఏం తెలుసే నీకు, పని కాలేదని తెలుసు, తెలిసే సంతకం పెట్టాను, ఫోటోలో మూత చుట్టూ గడ్డి అలాగే ఉంది, తవ్విన నేల అలా ఉండదు, ఆ పెరట్లో ఆడుకున్నదాన్ని, గడ్డి చూడగానే తెలిసింది, సార్ దగ్గరికి వెళ్ళి పని జరగలేదండీ అన్నాను, ఇవాళ ఆఖరి గడువు, కోర్టుకు కాగితం పోవాలి, పని వెనకాల చేద్దాం, ముందు సంతకం పెట్టు అన్నారు, పెట్టాను, ఆయన్ని ఎదిరిస్తే ఉద్యోగం పోతుందని పెట్టాను, మీకు వేరే ఏదో చెప్పాలని పొద్దున్నుంచీ వెతుకుతున్నాను ఆంటీ, వేరే ఏమీ లేదు, అంది, క్షమించమనలేదు, ఏడవలేదు, ఏడిస్తే చెంప మీద కొట్టేదాన్ని, చెయ్యి సిద్ధంగా ఉంది, సాకు చెబితే ముక్కలు చేసేదాన్ని, అది సాకు చెప్పలేదు, ఎవరైనా ఒక మనిషి తప్పు చేశానని ఇంత మామూలుగా చెబితే వినడం నాకిదే మొదటిసారి, మళ్ళీ తనే అడిగింది, బేరం గురించి విన్నాను, ఒప్పుకుంటారా, ఒప్పుకుంటే నీకే మంచిది కదే అన్నాను, అవును నాకే మంచిది, నన్ను ఎవరూ ఏమీ అడగరు అంది, కుళాయి కట్టేసింది, చేతులు తుడుచుకోలేదు, తడి చేతులతోనే తలుపు తోసుకుని వెళ్ళిపోయింది.

నేను ఆ సింకు ముందు నిలబడ్డాను, కుళాయి తిప్పాను, వేడి నీళ్ళు, ధారగా, సరే అయితే, ఎక్కడ కడుక్కున్నావు కన్నీ, ఎవరూ లేరు, చెప్పు, జనవరి పద్నాలుగు, పొద్దున ఏడు, సింకు అంచుదాకా నిండి ఉంది, నల్లగా, పైవాళ్ళు బట్టలుతుకుతున్నారు, నేను రెండు బకెట్లు పెరట్లోకి మోసి పారబోశాను, మూడోది మోసేసరికి సంచి మార్చే టైము దాటిపోతోంది, కెటిల్‌లో నీళ్ళు కాచి జగ్గులో చల్లార్చి, ఒక చేత్తో జగ్గు వంచి ఇంకో చెయ్యి కడిగాను, తర్వాత ఈ చెయ్యి మార్చి ఆ చెయ్యి, జగ్గు పిడి పట్టుకున్న చెయ్యి, అప్పుడే బకెట్ పట్టుకున్న చెయ్యి, పిడికి అంటింది మళ్ళీ కడిగిన చేతికి అంటింది, నాకు తెలుసు, లాండ్రీలో కొత్తగా చేరిన అమ్మాయిలకు నేనే చెప్పేదాన్ని, మైల గుడ్డ పట్టిన చెయ్యి ఎక్కడ పెడితే అక్కడంతా మైలే అని, మందు జెల్ రాసుకున్నాను కానీ కడగకుండా జెల్ రాయడం మురికికి నూనె రాయడమే అని నర్సు చెప్పింది, నాకు తెలుసు, తెలిసే అతని పొట్ట గొట్టం మూత విప్పాను, మర్నాడు పొద్దున గంజి నీళ్ళు, అక్కడ, ఆ జగ్గు దగ్గర, నేను, కార్మడీ కాదు గ్రాన్యా కాదు, నేను, తర్వాత ఫెర్గల్ ఆఫీసులో, ప్రతిసారీ పద్ధతి ప్రకారమే చేశాను అని రాసిన కాగితం కింద బైబిల్ పట్టుకుని నేను కూడా సంతకం పెట్టాను, తెలిసే పెట్టాను, ఇక్కడ, ఈ సింకు ముందు, ఇప్పుడే నిలబడి వెళ్ళిన ఆ పిల్లకూ నాకూ తేడా ఎక్కడుంది, ఉంది, ఉండాలి, వెతుకుతున్నాను, నేను అతన్ని బతికించడానికి ఆ మూత విప్పాను, అది తన ఉద్యోగం బతికించుకోవడానికి సంతకం పెట్టింది, అంతే తేడా, చిన్నది కాదు, పెద్దదీ కాదు, నీళ్ళు చేతుల మీంచి పారుతున్నాయి, మూడు నిమిషాలు లెక్కపెట్టాను, అలవాటు.

బయటికొచ్చి ఫెర్గల్‌తో ఇల్లు వద్దన్నాను, బోనెక్కుతాను అన్నాను, కోర్టు మళ్ళీ మొదలైంది, నన్ను బోనులో చూసి డివేన్ మొహంలో మర్యాద ఒక్క క్షణం జారింది, మళ్ళీ సర్దుకుంది, మిసెస్ హెగార్టీ, మీ ఓపికకు మరోసారి, ఓపిక సంగతి వదిలెయ్యండి బాబూ, మీ ప్రశ్నకు జవాబు చెప్తాను అన్నాను, జడ్జి గారి వైపు తిరిగాను, ఆవిడ కలం పట్టుకుంది, అమ్మా, నేను ప్రమాణం చేసి రాసిన మాట తప్పు, ఆ పొద్దున నేను పారే నీళ్ళ కింద చేతులు కడగలేదు, ఇంట్లో పారే నీళ్ళు లేవు, సింకులో ఊరందరి మురుగు ఉంది, బకెట్లతో మోశాను, జగ్గు నీళ్ళు ఒక చేత్తో పోసుకుని ఇంకో చెయ్యి కడిగాను, సరిపోదని నాకు తెలుసు, సంచి మార్చకపోతే ఒంట్లో విషం నిలిచి నా మొగుడికి ఊపిరాడదు, మారిస్తే పొట్ట పాడవుతుంది, ఆ రెంటిలో ఒకటి ఎంచుకోమని నన్ను ఆ వంటింట్లో నిలబెట్టారు, ఎంచుకున్నాను, తర్వాత సిగ్గుపడి అబద్ధం రాశాను, నన్ను ఏం చేస్తారో చెయ్యండి, కానీ అమ్మా, తొమ్మిదో తేదీన పూర్తయిన పని ఏదైతే ఉందో, అది పద్నాలుగో తేదీన నా సింకులో ఉంది, జడ్జి గారు చాలాసేపు రాసింది, కలం చప్పుడు వినిపించింది, ఒకరు కూచుని నా వంటింటిని కాగితం మీద పెడుతున్నారు, డివేన్ ఇంకో ప్రశ్న వెయ్యడానికి లేచి, ఏదీ దొరక్క కూచున్నాడు, నాలుగు నెలలుగా నేను గుడ్డల్లో చుట్టి దాచినదే వాళ్ళ నెత్తిన వెయ్యాల్సిన బండరాయి అని నాకప్పుడే తెలిసింది, ఇన్నాళ్ళూ దాన్ని నా గుండె మీద పెట్టుకుని వేరే రాళ్ళ కోసం వెతికాను.

తర్వాత గ్రాన్యాని పిలిచారు, పని జరగలేదని సంతకం పెట్టే ముందు మీకు తెలుసా అని ఫెర్గల్ అడిగితే, తెలుసు, సార్‌కి కూడా చెప్పాను అంది, ఎప్పుడు, డిసెంబరు పదకొండు, మధ్యాహ్నం, ఆయన గదిలో, కార్మడీ వైపు చూడకుండా, జడ్జి గారి వైపు కూడా చూడకుండా, బోను చెక్క వైపు చూస్తూ చెప్పింది, ఆ చెక్క మీద రెండు తడి చేతుల గుర్తులు, కార్మడీ చెవులు వెనకనుంచి కనిపిస్తున్నాయి, ముందు అంచులు ఎర్రబడ్డాయి, తర్వాత మొత్తం, చూశాను, కళ్ళారా చూశాను, ఏ పండగ భోజనమూ అంత రుచిగా లేదు, జడ్జి గారు గొంతు పెంచలేదు, ఈ కోర్టు ఆజ్ఞను కౌన్సిలు ధిక్కరించింది, పైగా అబద్ధంతో కప్పింది, డెస్మండ్ కార్మడీకి పద్నాలుగు రోజుల జైలు, లేవండి కార్మడీ గారూ, కూచుని వినే మాట కాదిది, ఆ శిక్ష ప్రస్తుతానికి ఆపి ఉంచుతున్నాను, రేపు పొద్దున ఎనిమిదింటికి ఆ పెరట్లో తవ్వకం మొదలవ్వాలి, గొట్టం పారేదాకా ప్రతిరోజూ మీరు స్వయంగా అక్కడ నిలబడాలి, ఒక్క రోజు తప్పినా ఆ గుమ్మం దగ్గరున్న ఆయన మిమ్మల్ని జైలుకు తీసుకుపోతాడు, గుమ్మం దగ్గరాయన పేపరు మడిచి నిటారుగా నిలబడ్డాడు, ఇక గ్రాన్యా అబద్ధపు ప్రమాణం సంగతి, నాది కూడా, కేసు పెట్టమని ప్రాసిక్యూటరుకు పంపాలో లేదో తర్వాత చూస్తానంది, చూసుకో తల్లీ, మెట్ల మీద గ్రాన్యా నా పక్కనుంచి దిగుతూ ఆగింది, నా నోట్లో ఉన్నది తిట్టు కాదు, దీవెన అంతకంటే కాదు, మీ అమ్మ కోటు వేసుకున్నట్టున్నావే, భుజాలు వదులు అన్నాను, అవునాంటీ అంది, దిగిపోయింది.

బస్సులో ఆసుపత్రికి పోయేసరికి అతన్ని యంత్రం నుంచి విప్పారు, మంచం అంచున కూచుని చేతి మీద దూది నొక్కి పట్టుకున్నాడు, ఇల్లు వద్దన్నాను మాలకీ అన్నాను, తెలుసు, ఫెర్గల్ ఫోన్ చేశాడు అన్నాడు, అయితే ఇంకోటి కూడా చెప్పుంటాడే అన్నాను, చెప్పాడు, కొత్తగా చెప్పిందేముంది, నేను మెలకువగానే ఉన్నాను కన్నీ ఆ పొద్దున, తలుపు సందులోంచి నువ్వు ఒక చేత్తో జగ్గు వంచుకుంటూ ఇంకో చెయ్యి కడుక్కోవడం చూశాను, లేచి నేను పొయ్యాలి అనుకున్నాను, జగ్గు వంచడానికి ఎంత బలం కావాలి, పక్క వెచ్చగా ఉంది, లేవలేదు, ఈ నాలుగు నెలలూ నీకు చెబుదామనుకున్నాను, నీ కోపం చూసి నోరు రాలేదు, బోనెక్కకు అన్నది అందుకే, నిన్ను అది అడుగుతారని తెలుసు, దూది తీసి చూసుకున్నాడు, రక్తం ఆగింది, నేను అతని పక్కన కూచున్నాను, చేవ లేదనుకున్న మనిషి, ఇల్లు తీసుకో అన్నది ఇంటి కోసం కాదు, ఆ ప్రశ్న నా మీద పడకుండా తన ఒళ్ళు అడ్డం పెట్టాడు, ఒకే మంచం మీద ఇద్దరం, చెరో వైపు తిరిగి, నావల్లే అని అతను నావల్లే అని నేను, నాలుగు నెలలు, చెయ్యాల్సినవాడు చెయ్యని పని చేస్తున్నవాళ్ళ చేతులకు మరకై అంటుకుంటే ఆ మరక మాదే అనుకుని రుద్దుకుంటూ కూచున్నాం, కాదు, ఆ జగ్గు నా చేతిలోకి ఎలా వచ్చిందో ఇవాళ రాసి పెట్టారు, తేదీతో సహా, అయినా పగ పోలేదు, వెతికి చూసుకున్నాను, ఉంది, రేపు ఎనిమిదింటికి టీ కప్పు పట్టుకుని వంటింటి కిటికీలోంచి కార్మడీ బూట్లు బురదలో దిగడం చూస్తాను, ఎల్లుండీ చూస్తాను, చిన్నపిల్లలా సంతోషిస్తాను, కానీ నా మీద నాకున్న కోపమంతా ఆ పగలోనే నానబెట్టి పెట్టుకున్నాను ఇన్నాళ్ళూ, అందుకే అది అంత బరువుగా, అంత కంపుగా ఉండేది, ఇవాళ అది వేరయింది, మిగిలింది కార్మడీ వాటా ఒక్కటే, ఉతికిన పగ, దాన్ని మోసుకుంటూ మనిషి హాయిగా బతకొచ్చు.